ఇస్ఫహాన్ జామె మసీదు: ఒక్క నక్షా లేకుండా ఎదిగిన కట్టడం

క్లుప్తంగా: ఇరాన్‌లోని ఇస్ఫహాన్ జామె మసీదును ఏ ఒక్క రాజూ కట్టించలేదు. 8వ శతాబ్దంలో మొదలై, 841 ప్రాంతంలో స్తంభాల మసీదుగా పెరిగి, 11వ శతాబ్దంలో రెండు గుమ్మటాలను, 12వ శతాబ్దపు అగ్నిప్రమాదం తర్వాత నాలుగు ఐవాన్ల (ఒక వైపు పూర్తిగా తెరిచిన కమాను మందిరాల) రూపాన్ని సంతరించుకుంది. ఇరాన్‌లో ఆ తర్వాత మసీదులు ఎలా ఉండాలో తేల్చిన నమూనా ఇదే. ఆ నమూనా ముందుగా గీసుకున్న నక్షా నుంచి రాలేదు. ఉన్న కట్టడాన్ని కూల్చి, అతికించి, బాగు చేసుకుంటూ పోయిన క్రమంలో తయారైంది.

ఇస్ఫహాన్ మసీదు అనగానే చాలామందికి గుర్తొచ్చేది నీలి పలకలు పరిచిన పెద్ద గుమ్మటం, దాని ఎదుట విశాలమైన మైదానం. అది షా మసీదు. సఫవీ పాలకుడు షా అబ్బాస్ 1611లో దాని పని మొదలుపెట్టించాడు. విప్లవం తర్వాత దాన్ని ఇమామ్ మసీదు అంటున్నారు. జామె మసీదు వేరు. నక్షె జహాన్ మైదానం నుంచి బజారు వెంట ఉత్తరంగా నడుచుకుంటూ పోతే పాత ఊళ్లో వస్తుంది. దూరానికి కనిపించే నీలి గుమ్మటం దానికి లేదు. బజారు దుకాణాలు, ఇళ్లు దాని గోడలను ఎంతగా ఆనుకుని ఉంటాయంటే, ద్వారం దగ్గరికి వచ్చేదాకా లోపల 20,000 చదరపు మీటర్లకు మించిన కట్టడం ఉందని తెలియదు. 2012లో యునెస్కో ప్రపంచ వారసత్వ జాబితాలో చేరింది ఈ జామె మసీదే. షా మసీదు 1979లో నక్షె జహాన్ మైదానంతో కలిసి అదే జాబితాకు ఎక్కింది. పేర్లు, ఫొటోలు కలిసిపోవడానికి ఇదీ ఒక కారణం.

రెండింటి మధ్య అసలు తేడా వయసు ఒక్కటే కాదు. షా మసీదు ఒక పాలకుడి ఆజ్ఞ మీద, ఒక ఆలోచనతో, ఇరవై ఏళ్లు దాటకుండానే చాలావరకు పూర్తయిన కట్టడం. జామె మసీదుకు అలాంటి పుట్టిన రోజు లేదు.

స్తంభాల మసీదు

770ల ప్రాంతంలో అబ్బాసీ ఖలీఫాల పాలనలో, యహూదియ్యా అనే పేటలో మొదటి మసీదు లేచింది. పేరును బట్టే అది యూదులు స్థిరపడిన చోటని తెలుస్తుంది. జనాభా పెరగడంతో 841 ప్రాంతంలో, ఖలీఫా ముఅతసిమ్ కాలంలో దాని మీదుగానే ఇంకా పెద్ద మసీదు కట్టారు. సుమారు 88 మీటర్ల వెడల్పు, 128 మీటర్ల పొడవు. ఖిబ్లా, అంటే మక్కా వైపు దిక్కును కూడా అప్పుడు సరిచేశారు. 1970ల్లో ఇటలీ నిపుణులు ఎవ్జెనియో గాల్దియెరి, ఉంబెర్తో షెర్రాతో బృందాలు నేల కింద తవ్వినప్పుడు ఈ పాత గోడల ఆనవాళ్లు, చెక్కిన గచ్చు పనితనం బయటపడ్డాయి. తొలి మసీదు గోడ ఒక దిక్కుకు, తర్వాతి మసీదు గోడ మరో దిక్కుకు తిరిగి ఉండటం ఆ తవ్వకాల్లోనే తేలింది.

ఆనాటి రూపం అరబ్బు ప్రాంతాల మసీదులదే. మధ్యలో ఆకాశానికి తెరిచిన ప్రాంగణం, దాని చుట్టూ వరసలు వరసలుగా స్తంభాలు, వాటి మీద చదునైన కప్పు. ఈ ఏర్పాటుకు ఒక సుగుణం ఉంది. జనం పెరిగితే ఇంకో వరస స్తంభాలు నిలబెడితే చాలు. ఒక లోపమూ ఉంది. ఎక్కడ నిలబడి చూసినా అంతా ఒకే తీరుగా ఉంటుంది. ఏది ముఖ్యమైన చోటో కట్టడం తనంతట చెప్పదు.

10వ శతాబ్దంలో బుయీ వంశం వాళ్లు ప్రాంగణం అంచున కొత్త స్తంభాల వరస చేర్చారు. వాటికి మీద రంగు పూత లేదు, పలకలు లేవు. ఇటుకలనే అడ్డంగా, నిలువుగా, ఏటవాలుగా పేర్చి నేత పని లాంటి అల్లిక తెచ్చారు. ఇటుకే గోడ, ఇటుకే అలంకారం. తర్వాత సెల్జూక్‌ల కాలంలో శిఖరానికి చేరిన పనితనానికి బీజం ఇక్కడ ఉంది.

మంత్రి కట్టించిన గుమ్మటం

1051లో సెల్జూక్ నాయకుడు తుగ్రిల్ బేగ్ దీర్ఘకాలం ముట్టడించి ఇస్ఫహాన్‌ను పట్టుకున్నాడు. మధ్యాసియా గడ్డి మైదానాల నుంచి వచ్చిన తుర్కీ వంశానికి అది రాజధాని అయింది. మాలిక్ షా (1072–1092) కాలానికి ఆ రాజ్యం సిరియా దాకా విస్తరించింది. పరిపాలన మాత్రం పర్షియన్ మంత్రి నిజాముల్ ముల్క్ చేతిలో ఉండేది.

1086–87 ప్రాంతంలో నిజాముల్ ముల్క్ మిహ్రాబ్ (మక్కా దిక్కును చూపే గోడలోని గూడు) ముందున్న స్తంభాలను తీసేయించి, వాటి స్థానంలో చదరపు గది కట్టించి పైన సుమారు 15 మీటర్ల వ్యాసమున్న గుమ్మటం నిలిపాడు. లోపలి శాసనంలో మాలిక్ షా పేరు, ఆయన పేరు రెండూ ఉన్నాయి. అప్పటికి రెండున్నర శతాబ్దాల వయసున్న మసీదులో నడిబొడ్డున కోత పెట్టడం చిన్న విషయం కాదు.

ఎందుకు పెట్టినట్టు? పాలకుడు నమాజు చేసే ప్రత్యేక స్థలాన్ని మఖ్సూరా అంటారు. శుక్రవారం నమాజు ప్రసంగమైన ఖుత్బాలో ఎవరి పేరు చదివితే రాజ్యం వాళ్లది. కాబట్టి ఆ చోటును అందరి కళ్లకూ ఆనేలా చేయడం రాజకీయ అవసరం. డమాస్కస్ పెద్ద మసీదులో మిహ్రాబ్‌కు ముందు గుమ్మటం ఉంది. 1080ల మొదట్లో సెల్జూక్‌లే దాన్ని బాగు చేయించారు. ఆ చూసిన అనుభవం ఇస్ఫహాన్‌లో పనిచేసి ఉంటుందని చరిత్రకారుల అంచనా. అయితే ఆలోచన సిరియాది అయినా ఆకారం ఇరాన్‌దే. నాలుగు వైపులా కమానులు, పైన గుమ్మటం ఉన్న చదరపు గదిని, ఇస్లాంకు ముందు ఇరాన్‌ను ఏలిన సాసానీల కాలం నుంచే ‘చహార్ తాఖ్’ అంటారు. అగ్ని ఆలయాలు ఆ తీరులోనే ఉండేవి. నిజాముల్ ముల్క్ గది కూడా మొదట చుట్టూ ఉన్న కట్టడానికి అంటకుండా, మూడు వైపులా తెరిచి, ఒంటరి మండపంలా నిలిచింది. చుట్టుపక్కలి కప్పులతో అది కలిసిపోయింది తర్వాతి కాలంలో.

చదరం మీద గుండ్రం

నేల మీద గది చదరం. పైన గుమ్మటం గుండ్రం. రెండింటినీ నేరుగా కలిపితే నాలుగు మూలల్లో గుమ్మటానికి కింద ఏ ఆసరా ఉండదు. ఇస్ఫహాన్ నైపుణ్యమంతా ఆ నాలుగు మూలల్లోనే ఉంది.

పాత పరిష్కారం మూలకు అడ్డంగా ఒక కమాను వేయడం. క్రీ.శ. 3వ శతాబ్దంలో అర్దషీర్ ఫిరూజాబాద్ కోటలోనే ఇది కనిపిస్తుంది. నాలుగు మూలల్లో నాలుగు కమానులు వేస్తే చదరం ఎనిమిది భుజాలది అవుతుంది. దాని మీద పదహారు చిన్న కమానుల వరస వేస్తే పదహారు భుజాలు. అక్కడి నుంచి గుండ్రానికి పెద్ద దూరం లేదు. నిజాముల్ ముల్క్ గదిలో మూల కమాను ఒక్క ముక్క కాదు. మధ్యలో చిన్న కమాను, దానికి రెండు పక్కలా వంగిన అరల్లాంటి పావు గుమ్మటాలు, వాటిని కప్పుతూ పెద్ద కమాను. ఒకే చోట పడాల్సిన బరువు ఇలా మూడు నాలుగు దారుల్లో చీలి కిందికి దిగుతుంది. తర్వాతి కాలంలో తేనెపట్టులా కనిపించే ‘ముఖర్నస్’ అలంకారానికి ఇదీ ఒక మెట్టు.

గుమ్మటం లోపలి వైపు ఎనిమిది పక్కటెముకల్లాంటి ఇటుక గీతలు పైకి సాగి శిఖరం దగ్గర కలుస్తాయి. గుమ్మటం బరువు కిందికి నొక్కడమే కాదు, గోడలను పక్కకు కూడా తోయాలని చూస్తుంది. ఆ తోపుడును ఆపడానికి గోడల మందం, స్తంభాల గుత్తులు ఒక ఉపాయం. గుమ్మటాన్ని అరగోళంలా కాకుండా కొంచెం మొనదేలేలా లేపడం మరొకటి. నిటారుగా లేచిన గుమ్మటం పక్కకు తక్కువ తోస్తుంది.

ఇక కట్టే పద్ధతి. ఇరాన్ పీఠభూమిలో పెద్ద కలప కొరత. మన దగ్గర స్లాబు వేసేటప్పుడు కింద కట్టే సెంట్రింగ్ లాంటిది అంత ఎత్తున, అంత వెడల్పున నిలబెట్టాలంటే అడవులు కావాలి. అక్కడి మేస్త్రీలు గచ్‌తో, అంటే జిప్సంతో, పని నడిపారు. కలిపిన కొద్ది నిమిషాల్లోనే అది బిగుస్తుంది. ఇటుక వెనక గచ్ పూసి, కిందటి వరసకు అదిమి, కాసేపు పట్టుకుంటే చాలు, చెయ్యి తీసినా జారదు. అలా ఒక చుట్టు పూర్తయితే ఆ వలయంలో ఇటుకలు ఒకదాన్నొకటి ఒరుసుకుని బిగుసుకుంటాయి. దాని మీద ఇంకో చుట్టు. కింద బరువైన చట్రం లేకుండానే గుమ్మటం మూసుకుంటుంది. ఇరాన్ ఇటుక గుమ్మటాల వెనకున్న ఆర్థిక రహస్యం ఇదే: ఖరీదైన కలప అక్కర్లేదు, కావాల్సింది మట్టి, నిప్పు, జిప్సం, అలవాటుపడిన చేతులు.

ఎదురు గుమ్మటం

నిజాముల్ ముల్క్ గుమ్మటం లేచిన రెండేళ్లకే, 1088లో, మసీదుకు ఉత్తరాన సరిగ్గా అదే ఇరుసు మీద మరో గుమ్మటం వచ్చింది. కట్టించింది తాజుల్ ముల్క్. సుల్తాను భార్య తెర్కెన్ ఖాతూన్ పక్షాన నిలిచిన కొలువు పెద్ద, నిజాముల్ ముల్క్‌కు బద్ధ ప్రత్యర్థి. ఆ గది అప్పట్లో మసీదు హద్దుకు బయట ఉండేది. దాన్ని దేనికి వాడేవారన్న దాని మీద పండితుల్లో ఏకాభిప్రాయం లేదు. సుల్తాను లోపలికి వచ్చే ముందు ఆగే గది అని ఒకరు, రాణి కోసం అని ఒకరు, గ్రంథాలయం అని మరొకరు వాదించారు. పోటీ మాత్రం కట్టడంలోనే కనిపిస్తుంది.

వ్యాసం సుమారు 10 మీటర్లే, అంటే దక్షిణ గుమ్మటం కన్నా చిన్నది. పనితనంలో మాత్రం దాన్ని మించింది. దక్షిణ గదిలో బరువైన స్తంభాలు ఒక లెక్క, పైన కమానులు ఒక లెక్క; మధ్యలో కన్ను ఆగిపోతుంది. ఉత్తర గదిలో నేల నుంచి లేచిన సన్నని ఇటుక స్తంభిక ఒక్కొక్కటీ పైన ఏదో ఒక కమాను పాదాన్ని అందుకుంటుంది. నేల మీద ఒక గీతను పట్టుకుని చూపును పైకి పోనిస్తే అది ఎక్కడా తెగకుండా గుమ్మటం అంచు దాకా చేరుతుంది.

గుమ్మటం లోపల ఇంకో వింత. కింద అంతా నాలుగు, ఎనిమిది, పదహారు లెక్క. పైన గుమ్మటంలో ఇటుక గీతలు అల్లిన నక్షత్రానికి ఐదు కోణాలు. పదహారు కమానుల మీద అయిదు కోణాల నక్షత్రం సమంగా కూర్చోదు. దాన్ని వంకర లేకుండా గోళాకారపు లోపలి తలం మీద గీసి, ఇటుకల్లో పొదగాలంటే గట్టి రేఖాగణితం తెలియాలి. అందుకే ఒమర్ ఖయ్యామ్ పేరు ఈ గుమ్మటంతో ముడిపడింది. ఖయ్యామ్ ఆ రోజుల్లో ఇస్ఫహాన్‌లోనే మాలిక్ షా వేధశాలలో పనిచేశాడు. 1079లో అమలైన జలాలీ పంచాంగం ఆ బృందం ఫలితమే. అయినా గుమ్మటం నక్షా ఆయనదే అనడానికి రాతపూర్వక ఆధారం లేదు. శాసనంలో ఉన్నది కట్టించిన వాడి పేరు. గణిత పండితులూ మేస్త్రీలూ కలిసి కూర్చునే వాతావరణం ఆనాటి ఇరాన్‌లో ఉండేదన్నంత వరకే నిలబడే మాట.

ఆ ఇద్దరు ప్రత్యర్థుల కథ త్వరగానే ముగిసింది. 1092లో నిజాముల్ ముల్క్ హత్యకు గురయ్యాడు. నెల తిరిగేసరికి మాలిక్ షా చనిపోయాడు. తాజుల్ ముల్క్‌ను మరుసటి ఏడాది నిజాముల్ ముల్క్ అనుచరులు చంపారు. రెండు గుమ్మటాలూ ఎదురెదురుగా మిగిలాయి.

నిప్పు, నాలుగు ఐవాన్లు

1121–22లో మసీదు కాలిపోయింది. సెల్జూక్‌లకు శత్రువులైన షియా శాఖ నిజారీ ఇస్మాయిలీలు నిప్పు పెట్టారని ఆ కాలపు చరిత్రలు చెబుతాయి. కాలిన తర్వాత తిరిగి కట్టిన సంగతి ఈశాన్య ద్వారం మీది శాసనంలో హిజ్రీ 515 నాటి మాటగా నేటికీ ఉంది. స్తంభాల మీది కప్పు చాలావరకు పోయింది. గుమ్మటాలు ఇటుకవి కాబట్టి నిలిచాయి.

ఆ పునర్నిర్మాణ కాలంలోనే మసీదు ముఖం మారింది. ప్రాంగణం నాలుగు వైపులా, ఒక్కో వైపు నడుమ, ఒక్కో ఐవాన్ లేచింది. ఐవాన్ అంటే మూడు వైపులా గోడ ఉండి, నాలుగో వైపు పూర్తిగా తెరిచి ఉండే ఎత్తైన కమాను మందిరం. అదీ ఇరాన్ పాత సొత్తే. తెసిఫోన్‌లోని సాసానీ రాజమందిరం తాఖె కస్రా అందుకు పేరుమోసిన ఉదాహరణ. నాలుగు ఐవాన్ల ప్రాంగణాలు రాజభవనాల్లో ముందు నుంచీ ఉన్నాయి. నాలుగూ ఒకేసారి కట్టారా, దక్షిణ ఐవాన్ ముందు వచ్చిందా అన్న దాని మీద వాదనలున్నాయి. ఫలితం గురించి వాదన లేదు. స్తంభాల మసీదుకు ఉన్న పాత లోపం, ఏ చోటు ముఖ్యమో తెలియకపోవడం, ఒక్క దెబ్బతో పోయింది. ప్రాంగణంలో ఎక్కడ నిలబడినా నాలుగు దిక్కులు తెలుస్తాయి. అందులో దక్షిణ ఐవాన్ వెనక గుమ్మటం కనిపిస్తుంది కాబట్టి ఖిబ్లా ఎటో అడగక్కర్లేదు. ఎండాకాలం నీడ, గాలి అదనపు లాభం.

ఈ ఏర్పాటు ఎంత త్వరగా పాకిందో చూడాలంటే ఇస్ఫహాన్‌కు ఈశాన్యాన ఉన్న జవారె ఊరికి వెళ్లాలి. 1135–36లో అక్కడ కట్టిన జామె మసీదులో నాలుగు ఐవాన్లు, గుమ్మటం గది పునాది నుంచే నక్షాలో ఉన్నాయి. ఇస్ఫహాన్‌లో కోతలతో, మరమ్మతులతో తయారైన రూపం పదిహేనేళ్లలోపే చిన్న ఊళ్లో తీర్చిదిద్దిన నమూనా అయిపోయింది. అయిదు వందల ఏళ్ల తర్వాత షా అబ్బాస్ మసీదుకూ ఆధారం అదే.

ఇస్ఫహాన్ వాసులు ఈ నాలుగు ఐవాన్లకు పేర్లు పెట్టుకున్నారు. దక్షిణానిది సాహెబ్, పడమరది ఉస్తాద్, తూర్పుది శాగిర్ద్, ఉత్తరానిది దర్వేష్. గురువుకు ఎదురుగా శిష్యుడు, ప్రభువుకు ఎదురుగా సన్యాసి.

ఆ తర్వాతి చేర్పులు

మంగోలు ఇల్ఖానీ పాలకుడు ఉల్జైతు షియా మతం స్వీకరించిన కొద్ది కాలానికే, 1310లో, పడమటి ఐవాన్ పక్క గదిలో గచ్‌తో చెక్కించిన మిహ్రాబ్ ఈ మసీదులోని సంపదల్లో ముందు వరసలో నిలుస్తుంది. తామర, తీగ, ఆకు, అక్షరం ఒకదాని మీద ఒకటి పొరలు పొరలుగా లేచి ఉంటాయి. వేలు పెడితే దూరేటంత లోతు. రాతల్లో అలీ పేరు, ఇమాముల ప్రస్తావన ఉన్నాయి. రాజు మతం మారిన సంగతి ప్రకటన లేకుండా గోడే చెప్పింది.

1447–48లో తైమూరీల కాలంలో చలికాలపు నమాజు మందిరం చేర్చారు. ఇస్ఫహాన్ సముద్ర మట్టానికి 1,500 మీటర్లకు పైన ఉంది, చలికాలం కొరుకుతుంది. అందుకే ఈ మందిరంలో కప్పు ఎత్తు తక్కువ. వెడల్పు కమానులు దాదాపు నేల దగ్గరే మొదలై గుడారం బట్టలా విచ్చుకుంటాయి. కిటికీలు లేవు. కప్పులో అమర్చిన పాలరంగు రాతి పలకల గుండా పసుపు తిరిగిన మెత్తని వెలుగు దిగుతుంది. అదే రాయి చలిని బయటే ఆపుతుంది.

రంగు చివర వచ్చింది. ఐవాన్ల మీది నీలి పలకల పనిలో ఎక్కువ భాగం 15వ శతాబ్దం, దాని తర్వాతి కాలాలది. దక్షిణ ఐవాన్‌లో తుర్కమాన్ వంశమైన అఖ్ ఖొయున్లు పాలకుడు ఉజూన్ హసన్ కాలపు పని, ఆపై సఫవీల పని కలిసి ఉన్నాయి. అందువల్ల నేటి ఫొటోల్లో కనిపించే నీలి ముఖం సెల్జూక్‌లు చూసినది కాదు. వాళ్ల మసీదు రంగు మట్టి రంగు.

దక్కన్‌కు చేరిన రూపం

తెలుగు వాళ్లకు ఈ కథతో బంధుత్వం మాటల్లోనే ఉంది. గుమ్మటం అన్న మాట ఫారసీ గుంబద్ నుంచి వచ్చింది. ఇళ్లలో గచ్చు అనే మాటకూ ఫారసీ గచ్ దగ్గరి చుట్టం. మాటలతో పాటు మనుషులూ వచ్చారు. గిలాన్ ప్రాంతంలో పుట్టి బహమనీల ప్రధాని అయిన మహమూద్ గవాన్, తెలంగాణ సరిహద్దుకు దగ్గరలోని బీదర్‌లో 1472లో కట్టించిన మదర్సాలో ప్రాంగణం, నాలుగు వైపులా ఐవాన్లు, మీద రంగు పలకలు కనిపిస్తాయి. 1696లో తుపాకీ మందు పేలి అందులో కొంత భాగం కూలింది. మిగిలిన భాగమే ఆ నమూనా ఎంత దూరం వచ్చిందో చూపుతుంది. గుల్బర్గా కోటలోని 1367 నాటి జామె మసీదుది మరో దారి. దాన్ని కట్టిన రఫీ కూడా ఇరాన్‌లోని ఖజ్వీన్ వాడే, కానీ అక్కడ తెరిచిన ప్రాంగణమే లేదు. అంతా గుమ్మటాలతో కప్పేశారు. ఇరాన్ నుంచి వచ్చిన వాళ్లందరూ ఇరాన్‌నే మళ్లీ కట్టలేదన్న మాట.

హైదరాబాద్ విషయంలో ఒక పొరపాటు తరచూ కనిపిస్తుంది. నగర నక్షా వెనకున్న మీర్ మోమిన్ అస్తరాబాదీ ఇరాన్ నుంచి వచ్చినవాడు. హైదరాబాద్‌ను కొత్త ఇస్ఫహాన్ అనేవారన్న మాటా ఉంది. దాంతో షా అబ్బాస్ మసీదును, మైదానాన్ని చూసి చార్మినార్ కట్టారని కొందరు రాసేస్తున్నారు. చార్మినార్ 1591 నాటిది. సఫవీ రాజధాని ఇస్ఫహాన్‌కు మారింది 1598 ప్రాంతంలో, షా మసీదు పని మొదలైంది 1611లో. తర్వాత కట్టినది ముందు దానికి నమూనా కాలేదు. పోలిక ఉంటే అది రెండు నగరాలకూ ముందున్న ఇరాన్ నగర సంప్రదాయంతో. నాలుగు దారులు కలిసే కూడలిని ‘చార్‌సూ’ అనడం అక్కడి బజార్లలో మామూలు. చార్‌కమాన్ నడుమ ఉన్న గుల్జార్ హౌజ్ పాత పేరు కూడా చార్‌సూ కా హౌజ్.

కుంగుతున్న నేల

1980ల్లో ఇరాక్‌తో యుద్ధంలో పడిన బాంబు మసీదులో ఒక భాగాన్ని కూల్చింది. ఆ కప్పులను పాత తీరులోనే ఇటుకతో మళ్లీ కట్టారు. ఇప్పటి ముప్పు నెమ్మదైనది. ఇస్ఫహాన్ జీవనది జాయందె రూద్ గత రెండు దశాబ్దాల్లో ఏడాదిలో చాలా నెలలు ఎండిపోతోంది. సాగుకూ, పరిశ్రమలకూ, ఊరికీ భూగర్భజలాలు తోడేస్తున్నారు. నీరు పోయిన మట్టి పొరలు నొక్కుకుపోయి మైదానమంతా కుంగుతోంది. నేల అంతా ఒకే తీరుగా దిగితే కట్టడానికి పెద్ద ప్రమాదం లేదు. ఒక మూల ఎక్కువ, ఒక మూల తక్కువ దిగితేనే చిక్కు. ఇటుక నొక్కుడును బాగా భరిస్తుంది, సాగదీతను భరించలేదు.

ఈ మసీదులో ఆ చిక్కు ఇంకాస్త ఎక్కువ. నాలుగు వందలకు పైగా చిన్నా పెద్దా గుమ్మటాలు, కమాను కప్పులు ఒకదాన్నొకటి ఆనుకుని ఉన్నాయి. 9వ శతాబ్దపు గోడకు 11వ శతాబ్దపు స్తంభం, దానికి 12వ శతాబ్దపు ఐవాన్, దాని పక్కన యుద్ధం తర్వాత వేసిన కప్పు. ఒక్కొక్కదాని పునాది లోతు వేరు, బరువు వేరు. కింద నేల జరిగినప్పుడు పగులు ముందుగా కనిపించేది ఈ అతుకుల దగ్గరే. ఏ గోడ ముందుదో, ఏది తర్వాతిదో ఇటలీ బృందం తేల్చుకున్నదీ ఆ అతుకులను చూసే.